రెండు మోకాళ్ళూ

హలో… ఆ, నేనే వదినా. శౌరమ్మనే.

లేదు లేదు, మీ నంబరు ఎందుకు తీసేస్తాను… పేరు పడగానే చూశాను.

నిన్నా చూశాను. మొన్నా చూశాను.

…

తియ్యలేదు. అబద్ధం చెప్పను. చేతిలో పట్టుకుని చూస్తానే ఉన్నా, ఆగిపోయిందాకా.

పని అంటే… ఉందిలెండి పని. శ్రావణమాసం గదా, కంకిపాడు ఆడాళ్ళ జాకెట్లన్నీ నా బల్ల మీదే ఉన్నయ్. కానీ పని వల్ల కాదు.

ఇప్పుడా… ఇప్పుడు కరెంటు పోయింది. మిషను మోటారుది, ఆగిపోయింది. కొట్లో ఒక్కదాన్నే కూర్చున్నా.

ఏంటి — ఆ చప్పుడా. బ్లేడు. కుట్టు విప్పుతన్నా. ఏదో పాత బట్టలే. మీరు చెప్పండి.

…

అన్నయ్య ఎట్టా ఉన్నాడు. పరుపుల పనికి వెళ్తన్నాడా… వెళ్ళట్లేదా. అయిదు నెలల నుంచీ సూది పట్టుకోలేదా.

పట్టుకోమనండి వదినా. మనసు ఎక్కడున్నా చెయ్యి దాని పని అది చేసుకుపోద్ది. నా సంగతీ అంతే.

…

ఆ. చూశాను. పేపర్లో వచ్చింది చూశాను. పామర్రులో కూడా వేశారా… అన్నయ్య చదివి వినిపించాడా.

అవును. ‘మైదానంలో క్రీడాకారిణి ప్రార్థన’. అట్టాగే రాశారు. నాలుగు ముక్కలు, ఒక ఫోటో.

లేదు. ఆఫ్రీన్ పేరు లేదు. నేనూ వెతికాను. రెండుసార్లు చదివాను. మీ పిల్ల పేరు ఎక్కడా లేదు.

…

ప్రార్థనేనా అంటే… ప్రార్థన అని రాశారు.

మీరేం అడుగుతున్నారో నాకు తెలుసు వదినా. తెలిసే ఫోను తియ్యలేదు.

…

వీడియో కూడా చూశారా. ఎవరు పంపారు — రుచితా… ఆ పిల్లే. ఆ వీడియోలో మా దీవెన వెనకాల నుంచుంది చూడండి, ఆ పొడుగు పిల్ల. మన పిల్లల టీమే.

పంపితే పంపిందిలే. మంచిదే.

ఉండండి, మొదట్నుంచీ చెబుతా. మీరక్కడ లేరు. నేనున్నా.

బెజవాడలో మ్యాచి. ఆదివారం పొద్దున. నేనూ, మా ఇంటాయనా వెళ్ళాం. ఇంతకుముందైతే మీరూ నేనూ ఒకే బస్సులో వెళ్ళేవాళ్ళం, మీ చేతి సేమ్యా డబ్బా నా ఒళ్ళో ఉండేది… ఆ. అది సరే.

ఖోఖో సంగతి మీకు కొత్తగా చెప్పేదేముంది. ఎనిమిది మంది మధ్య గీత మీద వరసగా గొంతుక్కూర్చుంటారు గదా, ఒకళ్ళు ఇటు మొహం, ఒకళ్ళు అటు మొహం. దీవెన ఎప్పుడూ రెండో గడిలో కూర్చుంటది. ఆ రోజు నాలుగో గడిలో కూర్చుంది.

…

అవును. ఆఫ్రీన్ గడే. మీకు గుర్తుందా.

విజిలేశారు. అందరూ గొంతుక్కూర్చున్నారు, లేవటానికి సిద్ధంగా. మా పిల్ల మటుకు మోకాళ్ళ మీద దిగింది. రెండు మోకాళ్ళూ నేలకి ఆనించి, వీపు నిటారుగా పెట్టి. కాలు పట్టేసిందేమో అనుకున్నా నేను.

రుచిత పరిగెత్తుకుంటా వచ్చి వెనక నుంచి వీపు మీద తట్టి ఖో అంది. ఖో అంటే లేచి పరిగెత్తాలి. లేవలేదు. మళ్ళీ అంది ఖో అని. ఊహూ.

రుచిత ఇంక పక్కకి పోలేదు. ఆ చెయ్యి దీవెన వీపు మీద అట్టాగే ఉంచేసింది. కనిపించింది గదా మీకు… ఆ.

కోచ్ సారా. గీత అవతల ఉన్నాడు. ముందు అరిచాడు. తర్వాత అరవటం మానేశాడు. మా దీవెన ఆయన వంకే చూస్తంది వదినా. ఇంక ఎవరి వంకా చూడలేదు. ఆయన నీళ్ళ సీసా మూత తీస్తాడు, పెడతాడు. తాగలేదు. తీస్తాడు, పెడతాడు.

నాలుగు నిమిషాలు. ఆట ఆపేశారు.

…

చెబుతా, ప్రార్థన ఎట్టా అయిందో చెబుతా. ఆ మాట మా ఇంట్లోంచే పోయింది.

అసోసియేషన్ సెక్రటరీ గారు మమ్మల్ని గదిలోకి పిలిచారు. ఆట ఆపినందుకు రెండేళ్ళు నిషేధం పెట్టాల్సి వస్తది, పిల్ల ఏం చేసిందో తండ్రిగా మీరు రాసివ్వండి అన్నారు. దీవెన నోరు తెరవట్లేదు. అందుకని ఈయన రాశాడు.

ఆయన సంగతి మీకు తెలుసుగా. ఆదివారం గుళ్ళో పఠనం చదివేది మా అంతోనియే. అర్జీలకీ శుభలేఖలకీ పేటంతా ఆయన దగ్గరికే వస్తారు. ముత్యాల్లాంటి రాత. జేబులోంచి పెన్ను తీసి, ఉన్నది ఉన్నట్టు రాశాడు. ‘మా కుమార్తె ఆట మధ్యలో మోకరించినది’ అని రాశాడు.

అంతే. ఒక్క ముక్క.

…

కావాలని కాదు వదినా. మేరీమాత మీద ఒట్టు, కావాలని కాదు. మా ఇళ్ళల్లో మోకాళ్ళ మీదికి ఎవరు దిగినా మోకరించటమే. ఇంకో మాట లేదు మాకు. మంచం కిందకి దొర్లిన దారపుండ కోసం నేను వంగితే, మా అత్త ‘ఏంటే ఈ వేళప్పుడు మోకరించావు’ అనేది. ఆయన పుట్టినకాడి నుంచీ విన్న మాట అది. అదే రాశాడు.

సెక్రటరీ గారు చదువుకుంటా వచ్చి ఆ మాట దగ్గర ఆగాడు. దాని మీద వేలు పెట్టాడు. ‘మోకరించింది అంటే ప్రార్థన చేసుకుందనే గదండీ’ అన్నాడు. మొహం విప్పారింది ఆయనకి. ‘ముందే చెప్పొచ్చు గదా, మేం ఇంకేదో అనుకున్నాం’ అన్నాడు.

ఇంకేదో అంటే ఏంటో చెప్పలేదు. మేమూ అడగలేదు.

కాఫీ తెప్పించాడు.

…

తాగాం వదినా. ఇద్దరం తాగాం. దీవెన గ్లాసు అట్టాగే ఉండిపోయింది, మీగడ కట్టింది.

భక్తి విషయం కాబట్టి మందలించి వదిలేస్తున్నాం, పాప పేరు వచ్చే నెల క్యాంపులో అట్టాగే ఉంచుతాం అన్నారు. బయటికొచ్చాక ఈయన ‘గండం గడిచింది’ అన్నాడు. నేనూ ఆ అన్నాను. పిల్ల మా ఇద్దరి వంకా చూసింది. అప్పట్నుంచీ మాట్లాడట్లేదు. ఇవాళ్టికి నాలుగు రోజులు. పిలిస్తే వస్తది, పెడితే తింటది. మాట మటుకు లేదు.

…

ఏంటండీ… ఏమన్నారు.

లేదు, మీరు అనుకున్నది తప్పని ఎవరన్నారు…

అదే… ప్రార్థన చేసుకుంటే మటుకు, దాంట్లో మీ పిల్ల పేరు కూడా ఉండే ఉంటది గదా. తలుచుకునే ఉంటది. హాస్టల్లో ఒకే గదిలో పడుకున్న పిల్లలు…

…

వదినా.

వదినా, ఉన్నారా…

పెట్టెయ్యకండి. ఒక్క నిమిషం. ఇప్పుడు నేనన్న మాట వెనక్కి తీసుకుంటన్నా. పేపరు వాళ్ళు రాసిన అబద్ధాన్నే మీకు పంచదార వేసి ఇస్తన్నా నేను. తీసుకోకండి.

…

మీ ఫోన్లో ఆ వీడియో మళ్ళీ పెట్టి చూడండి. ఇప్పుడు కాదు, తర్వాత. చేతులు చూడండి. ప్రార్థనకి చేతులు ముందుంటయ్ వదినా. దానివి వెనకున్నయ్. వెనక్కి కట్టుకుని ఉంది. ఏ గుళ్ళోనూ అట్టా మోకరించరు.

అట్టా కూర్చోబెట్టేది ఎవరో, ఎక్కడో… ఆ. మీకు తెలుసు.

ఆఫ్రీన్ కోసమే. పూర్తిగా ఆఫ్రీన్ కోసమే చేసింది.

…

ఏడవండి. నేను ఉంటా. పెట్టను.

…

ఇంకో సంగతి ఉంది. అది చెప్పాలనీ మీ ఫోను తియ్యలేదు, చెప్పకూడదనీ తియ్యలేదు. అన్నయ్య పక్కన ఉన్నాడా… లేడా. మంచిది. కూర్చోండి మీరు.

పెదాలు కదిలినయ్ గదా దీవెనవి. పేపరు వాళ్ళు అది చూసే ప్రార్థన అన్నారు. నేను కూడా ‘మంగళవార్త జపం చెబుతుందేమో’ అనుకున్నా ఆ రోజు. నిన్న రుచిత వచ్చింది మా ఇంటికి. దగ్గరున్నది అదే గదా, విన్నది. జపం కాదంట.

లెక్క పెడతందంట వదినా. ఒకటి, రెండు, మూడు… ఆరు దాకా. ఆరు దగ్గర ఆగిపోయి, మళ్ళీ ఒకటి.

…

చెబుతా. మీకు చెప్పాల్సిన మాటే.

మార్చిలో ఆ రోజు. ఆఫ్రీన్ పరుగులో వెనకబడిందని కోచ్ సారు చేతులు వెనక్కి కట్టించి మోకాళ్ళ మీద గ్రౌండు చుట్టూ పది రౌండ్లు నడవమన్నాడు గదా… పది. అవును, పదే. ఆ ఎర్ర కంకర మీద, పదకొండు గంటల ఎండలో. రౌండ్లు లెక్కపెట్టమని దీవెనని నుంచోబెట్టాడంట. మా దీవెనని. ‘స్నేహితురాలివి గదా, నువ్వే లెక్క చెప్పు’ అన్నాడంట.

మాకు చెప్పలేదు, రుచితకి ఒక్కదానికే చెప్పుకుందంట. అయిదు నెలలు కడుపులో పెట్టుకుంది.

నాలుగో రౌండుకే మీ పిల్ల తూలిందంట. ఒకటి దాటేసి ‘ఆరు’ అనేద్దామనుకుందంట దీవెన. తర్వాత ఎనిమిది అందామనుకుందంట. సారు పక్కనే ఉన్నాడు. అనలేకపోయింది. అయిదుకి అయిదే అంది. ఆరుకి ఆరే అంది. ఆరు దగ్గర ఆఫ్రీన్…

…

ఆ.

సరిగ్గా లెక్క పెట్టింది వదినా. అదే దాని బాధ. తండ్రి ఉన్నది ఉన్నట్టు రాశాడు, కూతురు ఉన్నది ఉన్నట్టు లెక్క పెట్టింది. ఇట్టాంటి నిజాయితీ మా ఇంటిది.

మీరు ఏమన్నా అనండి. పడతా. దాన్ని అనాలన్నా అనండి.

…

అనరా. ఎందుకనరు.

…

పిల్లే గదా అంటే… పిల్లే. పద్దెనిమిది నిండినయ్ మొన్న.

…

సోమవారమే గదా మీ ఎంక్వైరీ. కబురు తెలిసింది. కోచ్ సారు రాసిచ్చిన కాగితం మీకు చూపించారా… ఏం రాశాడు.

రోజాలో ఉందనా.

ఉపవాసం సంగతి చెప్పకుండా గ్రౌండుకొచ్చింది, వడదెబ్బ కొట్టింది, మామూలు పరుగు తప్ప ఏ శిక్షా వెయ్యలేదు… అట్టా రాశాడా. హాస్టలు వాళ్ళూ సంతకం పెట్టారా.

ఆ రోజు ఆఫ్రీన్ రోజాలో లేదు గదా.

మీకు తెలుసు, నాకు తెలుసు, దీవెనకి తెలుసు. పొద్దున ఇద్దరూ ఒకే సీసాలో నీళ్ళు తాగారంట. నెలలో ఆ నాలుగు రోజులు మీ ఆడపిల్లలు రోజా ఉండరు గదా… ఆ, అదే. అది ఆఫీసులో అంతమంది మగాళ్ళ ముందు మీరెట్టా చెబుతారు. అన్నయ్య అసలే చెప్పలేడు. ఆ సంగతి కోచ్ సారుకి బాగా తెలుసు, అందుకే అట్టా రాశాడు.

మీ పిల్లని రోజా మీదికి తోశారు. మా పిల్లని ప్రార్థన మీదికి తోశారు. మన భక్తి మనకి అక్కరకొచ్చిందో లేదో గానీ, వాళ్ళకి బాగా పనికొచ్చింది.

…

అడగండి. మీరు అడగటానికి మొహమాటపడతన్నారని తెలుసు.

దీవెన వచ్చి చెబుతుందా అని గదా.

…

చెబితే క్యాంపు పోద్ది. రెండేళ్ళు నిషేధం పెడతారు. ఈ లోపు దాని వయసు దాటిపోద్ది, ఆట కోటాలో ఉద్యోగం మాటే ఉండదు. హాస్టల్లో చేరిందాకా రోజూ పొద్దున్నే నాలుగింటికి లేపి పంపించా దాన్ని. ఇయ్యన్నీ నాలుగు రోజుల నుంచీ చెప్పుకుంటానే ఉన్నా నాకు నేను.

ఈయన నిన్న వెళ్ళాడు. ‘అయ్యా, ఆ మాట మార్చి రాస్తాను, మోకాళ్ళ మీద కూర్చున్నది అని రాస్తాను, మోకరించినది కొట్టేస్తాను’ అని అడిగాడు. ఫైలు మూసేశాం అన్నారంట. ‘అంతోని గారూ, మీ అమ్మాయికి దేవుడు ఇచ్చిన మాట అది, దాన్ని కొట్టెయ్యకండి’ అన్నారంట. ఇంటికొచ్చి పెన్ను బల్ల మీద పెట్టాడు. మళ్ళీ జేబులో పెట్టుకోలేదు.

…

భయమా. లేదు వదినా. భయం కూడా వెయ్యట్లేదు. ఏమీ అనిపించట్లేదు నాకు. మొద్దుబారిపోయా. ఫిబ్రవరిలో గుణదల కొండ మోకాళ్ళ మీద ఎక్కాను గదా, పిల్ల సెలక్షన్ కావాలని మొక్కుకుని. సగం దూరం దాకా మంట. ఆ తర్వాత ఏమీ తెలీదు, చెక్క కాళ్ళు ఈడ్చుకుంటా పోయినట్టే. పైకి పోయి లేచి నుంచున్నప్పుడు తెలిసింది నొప్పంటే ఏంటో. ఇప్పుడు ఆ మధ్యలో ఉన్నా.

…

ఆ కొండ సంగతి కూడా కోచ్ సారు వాడాడంట. ‘మీ దీవెన వాళ్ళమ్మ గుణదల మొత్తం ఎక్కింది, నువ్వు గ్రౌండు తిరగలేవా’ అన్నాడంట ఆఫ్రీన్ని. అందరూ నవ్వారంట. నా మొక్కు తీసి మీ పిల్ల మెడకి కట్టాడు.

…

మ్యాచికి వారం ముందు దీవెన నాకు ఫోన్లో ఏదో చూపించింది. ఎక్కడో వేరే దేశంలో ఆటగాళ్ళు. బుర్ర మీసాలవాళ్ళూ, ఇంత ఎత్తు మనుషులు, ఆట మొదలయ్యే ముందు వరసగా ఒక్కో మోకాలు నేలకి ఆనించి కూర్చున్నారు. ‘ఎవరికే దణ్ణం పెడతన్నారు వీళ్ళు’ అన్నా. దణ్ణం కాదంట. వాళ్ళ మనుషులు కొందరు పోలీసుల చేతుల్లో అన్యాయంగా చచ్చిపోయారంట. ‘మరి మోకరిస్తే ఏం లాభం’ అన్నా. ‘లొంగటం కాదమ్మా. మీరు లేవమన్నప్పుడు మేం లేవం అని చెప్పటం’ అంది.

నేను నవ్వాను వదినా. ‘ఒక్క మోకాలేనా, నేను రెండిటితో కొండెక్కా’ అన్నా. ‘వాళ్ళది ఒకటేనమ్మా, మాది రెండు’ అంది. మాది అంది. అప్పుడన్నా వెలగలేదు నాకు. జాకెట్టుకి హుక్సులు కుడతన్నా, తలెత్తలేదు.

…

నా సంగతి ఇంకా ఉంది. అది చెప్పకుండా దీవెన సంగతి తేల్చలేను.

ఇందాక అడిగారే, ఆ చప్పుడేంటి అని. ఏదో పాత బట్ట అన్నా. అది ఆఫ్రీన్ ట్రాక్ ప్యాంటు.

…

నీలంది. పక్కన తెల్ల చారలు. ఆ, అదే.

నా దగ్గరే ఉంది. ఆ ఆదివారం ఇచ్చి వెళ్ళింది, శుక్రవారానికి పిల్లే లేదు. మీకు ఎట్టా ఇవ్వాలో తెలీక బీరువా అడుగున పెట్టేశా. నలభయ్యో రోజుకి మీ ఇంటికి రాలేదు చూడండి, జ్వరమని చెప్పాను గదా. జ్వరం లేదు. సంచిలో ఇది పెట్టుకుని బస్టాండు దాకా వచ్చి, వెనక్కి పోయాను.

మూడుసార్లు ఇచ్చింది నాకు. జనవరి చివర ఒకసారి, ఫిబ్రవరిలో ఒకసారి, మార్చిలో. మూడుసార్లూ మోకాళ్ళకి అతుకు వెయ్యమని. ‘డైవ్ కొడతంటే చిరిగిందత్తా’ అనేది. ఆ స్టూలు మీద కూర్చుని, కింద పడ్డ పోగులన్నీ ఏరి వేలికి చుట్టుకునేది.

డైవ్ కొడితే ఒక పక్కే చిరుగుద్ది వదినా. పడే పక్క. ఏటవాలుగా చిరుగుద్ది. దీవెన ప్యాంట్లు పదేళ్ళుగా కుడతన్నా, నాకు తెలీదా. ఇది అట్టా లేదు. రెండు మోకాళ్ళ దగ్గరా సమానంగా, గుండ్రంగా, రూపాయి బిళ్ళంత అరుగుదల, దాని చుట్టూ జల్లెడ. నేను కొండెక్కిన చీర ఉంది గదా, ఆ లోపలి లంగా అచ్చం అట్టాగే అరిగింది. రెండూ పక్కపక్కన పెడితే ఒకటే.

చూశాను. మూడుసార్లూ చూశాను. ఇది నడిచిన అరుగుదల, పడినది కాదు అని నా వేళ్ళకి తెలిసింది.

అడగలేదు.

…

ఎందుకు అడగలేదంటే… దీవెన ప్యాంటు బాగానే ఉంది వదినా. దాని మోకాళ్ళ దగ్గర ఒక పోగు కూడా లేవలేదు. మన పిల్లది బాగానే ఉంది గదా అనుకున్నా. అంతే అనుకున్నా. అడిగితే కోచ్ సారుకి కోపమొచ్చి సెలక్షన్‌లో దీన్ని పక్కన పెడతాడేమో అని కూడా అనుకున్నా. అది ఇప్పుడు చెబుతన్నా మీకు. ఎవరికీ చెప్పలేదు. ఫాదర్ గారికి పాపసంకీర్తనంలో కూడా చెప్పలేదు.

…

…

ఉన్నారా.

…

ఉన్నారు. ఊపిరి వినపడతంది.

…

అతుకు వేసేశానా అంటే… ఒకదానికి వేశా. కుడి మోకాలికి. సోమవారం రాత్రి పని తెమిలాక వేశా. ఎడమది మర్నాడు వేద్దామని పక్కన పెట్టా. ఆ మర్నాడే ఫోను వచ్చింది, ఆస్పత్రిలో ఉందని.

ఎడమది మీ పిల్ల ఇచ్చినట్టే ఉంది. లోపల ఎర్ర దుమ్ము కూడా ఉంది, ఉతకలేదు. కుడి దాని మీద నా అతుకు ఉంది. ఒకటి చూపిస్తే డైవ్ అంటారు. రెండూ కనిపించాలి. అందుకే విప్పుతన్నా.

నాలుగు రోజుల నుంచీ బీరువా తీస్తన్నా, మూస్తన్నా. ఇవాళ కరెంటు పోయింది, చేతులు ఖాళీగా ఉన్నయ్. బ్లేడు తీసుకున్నా. అప్పుడే మీ ఫోను మోగింది. ఈసారి తీశా.

…

వస్తా. సోమవారం నేనొస్తా. ఇది పట్టుకొస్తా, నా లంగా కూడా పట్టుకొస్తా. ఇరవై రెండేళ్ళుగా కుడతన్నా, ఏ బట్ట ఎందుకు అరిగిందో ఆ ఆఫీసరు గారికి నేను చెబుతా. రోజా సంగతి కూడా నేనే చెబుతా, మీరు తల వంచుకుని కూర్చోండి చాలు. మోకరించటం అంటే మా ఇళ్ళల్లో ఏంటో ఈయన చెబుతాడు.

దీవెన సంగతి… దాని తరఫున నేను మాట ఇవ్వలేను వదినా. నేను ఇచ్చిన మాటలూ, ఈయన రాసిన మాటలూ చాలు దానికి. అదే చెప్పాలి.

…

ఉండండి.

వచ్చింది. గుమ్మంలో నుంచుంది. ఎప్పుడొచ్చిందో నాకు తెలీదు.

ప్యాంటు చూసింది.

…

ఖుర్షీదా అత్తే… నీ వీడియో చూసిందంట. ఆ. అంతా చెప్పా. లెక్క సంగతీ చెప్పా.

…

వదినా, చెప్పులు విడిచింది. లోపలికొచ్చింది. స్టూలు లాక్కుని ఎదురుగా కూర్చుంది. ప్యాంటు కుడి కాలు అంచు తన ఒళ్ళోకి లాక్కుంది. బిగించి పట్టుకుంది, నాకు కుట్టు కనిపించేట్టు.

…

ఏంటమ్మా… మళ్ళీ చెప్పు.

…

మాట్లాడింది వదినా.

నెమ్మదిగా విప్పమంటంది. నా బ్లేడు తగిలి పాత చిరుగు పెద్దది అవకూడదంట. ఎంత ఉందో అంతే ఉండాలంట.

…

ఆ… చెబుతా దానికి. కాదులెండి, ఎదురుపడ్డాక మీరే చెప్పండి సోమవారం.

ఆ.

ఫోను పక్కన పెడతన్నా వదినా. దీనికి రెండు చేతులూ కావాలి. మీరు కట్ చెయ్యకండి… అట్టాగే వింటా ఉండండి.